పెట్టెకు చెవి ఆనించే మనిషి

పోయిన నెల తిరుపతి బస్టాండులో శ్రీకాళహస్తి బస్సెక్కి కూర్చున్నాను. ముందు సీట్లో ఒకాయన ఒళ్ళో తెల్లటి థర్మాకోల్ పెట్టె పెట్టుకుని ఉన్నాడు. చేపలో, ఐస్‌క్రీములో, ఏవో ఉన్నాయి అందులో. బస్సు కదలగానే ఆయన పెట్టెను పైకెత్తి, చెవికి ఆనించుకుని, రెండుసార్లు మెల్లగా ఊపాడు. నాకు తెలియకుండానే "కరిగిందా అప్పా?" అని అడిగేశాను. ఆయన వెనక్కి తిరిగి, ఈమెకెందుకీ గొడవ అన్నట్టు చూసి, "ఇంగా లేదులేమ్మా" అని ముఖం తిప్పుకున్నాడు.

ఐసు పెట్టెను అట్లా చెవి దగ్గర పెట్టుకుని వినే మనిషిని నా ఉద్యోగం మొత్తం మీద ఒక్కరినే చూశాను. ఆయన మా ఆస్పత్రిలో హెల్త్ సూపర్‌వైజరు. ఆ సాయంత్రమే పాత డైరీలో నంబరు వెతికి వాళ్ళింటికి ఫోన్ చేశాను. ఫోన్‌లో ఏం విన్నానో చివర చెప్తాను. ఆయన గురించి రాయడమంటే ఇన్నేళ్ళుగా దాచుకున్న ఒక సంగతి ఒప్పుకోవడం కూడా. అది వచ్చేదాకా నాకు నిమ్మళం ఉండదు. కాస్త తొందర తొందరగా చెప్పినట్టుంటే ఓర్చుకోండి.

మాది శ్రీకాళహస్తి దారిలో ఒక పల్లె ఆస్పత్రి. నేనక్కడ ఫార్మసిస్టుని. మందుల గది, టీకాలు దాచే ఫ్రిజ్జు, డీప్ ఫ్రీజరు నా చేతి కింద ఉండేవి. టీకాలను పల్లెలకు మోసుకుపోయే పెట్టెలు మాత్రం ఆయనవి. నీలం రంగు పెట్టెలు. లోపల నాలుగు వైపులా నాలుగు ఐసు ప్యాకులు, నడుమ మందు. ఇంకెవరైనా ఆ పెట్టెను నేల మీద ధబ్బుమని పెడితే ఆయనకు ఎక్కడో తగిలినట్టు మొహం ముడుచుకునేది.

ఆయన కూర్చోగా చూసినవాళ్ళు మా ఆస్పత్రిలో లేరు. ఆఫీసు గదిలో ఆయనకొక కుర్చీ ఉండేది, దాంట్లో పెట్టె కూర్చునేది. ఈయన పక్కన నిలబడేవాడు. టీ నిలబడే తాగేవాడు, అదీ సగమే. మిగతా సగం వరండా చివర గన్నేరు మొదట్లో పోసి, గ్లాసు కడిగి బోర్లించేవాడు. మధ్యాహ్నం టిఫిన్ క్యారియరు కిటికీ గట్టు మీద విప్పుకుని, రోడ్డు వైపు చూస్తూ నిలబడి తినేవాడు. మా డాక్టరమ్మ చిన్న వయసు. ఒకసారి విసుగొచ్చి, మీరు కూర్చుంటే గాని నేను మాట్లాడనని పట్టుబట్టింది. ఆయన కూర్చోబోయినట్టు వంగి, కుర్చీ వెనక పట్టుకుని అలాగే ఆగిపోయి, మీటింగు అయ్యేదాకా ఆ వంకర భంగిమలోనే ఉండిపోయాడు. చివరికి ఆమెకే జాలేసి లేచి నిలబడింది.

ఎందుకు సార్ అంటే ఒకటే మాట చెప్పేవాడు. "కూసుంటే కరిగిపోతాది పాపా." ఐసు గురించి చెప్పే మాట అది. రాను రాను ఆయనకది అన్నిటికీ పనికొచ్చింది. నేను ట్రాన్స్‌ఫర్ అర్జీ పెట్టి ఊరికే ఎదురుచూస్తుంటే అదే మాట. కాంపౌండరు కూతురి సంబంధం నానుస్తుంటే అదే మాట. ఆఖరికి ఎవరింటికో పరామర్శకు పోయి, చాప వేసి కూర్చోమంటే, అక్కడ కూడా అనేశాడట. ఆ ఇంటివాళ్ళకు అర్థం కాక మొహమొహాలు చూసుకున్నారని ఊళ్ళు తిరిగి సూదులేసే మా ఏఎన్ఎంలు చాలా రోజులు చెప్పుకుని నవ్వారు.

పోలియో ఆదివారాల్లో ఆయన్ని చూడాలి. మొపెడ్ మీద బూత్ నుంచి బూత్‌కు తిరిగేవాడు. వచ్చీరాగానే పలకరింపు లేదు, ఎంతమంది పిల్లలొచ్చారన్న ఆరా లేదు. నేరుగా పెట్టె దగ్గరికి పోయి, ఎత్తి చెవి దగ్గర పెట్టుకుని ఊపేవాడు. గడ్డ చప్పుడు వేరు, నీళ్ళ చప్పుడు వేరు. "ఒకటి పొయ్యింది, మూడుండాయి" అనేవాడు. మూత తీసి చూస్తే సరిగ్గా అంతే. ఒక ఊళ్ళో ఒక అవ్వ మనవరాలిని చంకనేసుకుని ఇదంతా చూసి, ఏం చెప్తాంది నాయనా పెట్టె అని అడిగింది. "ఇంగా పానంతో ఉండానంటాంది అవ్వా" అని, ఆ పిల్ల నోట్లో రెండు చుక్కలు వేయించి, మొపెడ్ స్టార్ట్ చేశాడు. ఆయన చేతి పెట్టెలో మందు చెడిపోతుందన్న ఊహ కూడా ఆ చుట్టుపక్కల ఊళ్ళలో ఎవరికీ లేదు. మాకు అంతకన్నా లేదు.

ఆయనకు రెండు అలవాట్లుండేవి. ఈ కథకు అవే ముఖ్యం.

మొదటిది, సర్క్యులర్లు చదవడం. ప్రభుత్వం నుంచి ఏ కాగితం వచ్చినా వరండాలో అందరినీ నిలబెట్టి ఆయనే చదివి వినిపించేవాడు. మొదటి వాక్యం చదివేవాడు, చిట్టచివరి వాక్యం చదివేవాడు. ఎవరికి, ఎప్పటిలోగా. అంతే. "నడిమద్దెలో ఉండేదంతా మనకు తెలిసిందే" అని మడిచి జేబులో పెట్టేసుకునేవాడు. నేను దానికి పూర్తిగా ఎదురు. బంగారుపాళ్యం దగ్గర మా మామిడి తోటలో పెరిగినప్పటి నుంచీ కంటబడిన అక్షరం వదిలేదాన్ని కాదు. ఆయన ఆ సర్క్యులర్లను నా బల్ల మీద పడేస్తూ, "ఈ పాప శెనక్కాయల పొట్లం గూడా ఇడిసిపెట్టదు" అని అందరి ముందూ నవ్వేవాడు. నాకు ఉడుకుమోత్తనం వచ్చేది గాని లోపల కాస్త గర్వంగానే ఉండేది.

రెండోది, ఫ్రిజ్జు మీది బాణాలు. ఏ టీకా ఎక్కడ పెట్టాలన్నది కొత్తగా వచ్చినవాళ్ళకు అర్థమయ్యేలా ఆయన ఎర్ర రంగుతో ఫ్రిజ్జు తలుపు మీద రెండు బాణాలు గీశాడు, ఒకటి పైకి, ఒకటి కిందికి. వైరస్ జబ్బుల మందు గడ్డకట్టే పై అరలోకో డీప్ ఫ్రీజరులోకో, మిగతాది మామూలు చల్లదనం ఉండే కిందికి. పోలియో పైకి, ధనుర్వాతం సూది కిందికి. ఆ రోజుల్లో మా దగ్గరున్న మందులకు ఆ లెక్క దాదాపు సరిపోయేది. ఆయన చేతి కింద నేర్చుకున్నవాళ్ళందరూ ఆ బాణాలతోనే నేర్చుకున్నారు.

అట్లాంటి రోజుల్లో స్వైన్ ఫ్లూ వచ్చింది. మా వైపు పందుల జ్వరమన్నారు. ప్రపంచమంతా వచ్చిందని పేపర్లలో వేశారు. తిరుపతికి నాలుగు దిక్కుల నుంచీ జనం వస్తారు కాబట్టి మా భయం మరీ ఎక్కువ. బస్సుల్లో అందరి ముక్కులకూ చేతిరుమాళ్ళే. పంది మాంసం పుట్టి బుద్ధెరిగి ముట్టనివాళ్ళు కూడా ఇక తినమని ఒట్లు పెట్టుకున్నారు. మరుసటేడు ఎండలు ముదురుతుండగా టీకా వచ్చింది. దాంతోపాటు ప్రభుత్వం వారి సూచనలు, పిన్ను కొట్టిన నాలుగు పేజీలు. ముందు ఆస్పత్రుల్లో పనిచేసేవాళ్ళకు వేయాలి, ప్రజలకు తర్వాత అని మొదటి పేజీ మొదటి వాక్యంలోనే ఉంది. ఊళ్ళవాళ్ళేమో మాకెప్పుడు వేస్తారని గేటు దగ్గర అడుగుతున్నారు, మావాళ్ళేమో మాకొద్దని మందుల గది వెనక గుసగుసలాడుతున్నారు. చేయి పడిపోతుందట, కొత్త మందట, ముందు మన మీద చూస్తారట. ఇంటింటికీ తిరిగి టీకా మంచిదని చెప్పే నోళ్ళే ఆ మాటలన్నాయి. నేను కూడా అన్నాను.

మందు వచ్చిన మధ్యాహ్నం నేను దాన్ని కింది అరలో పెట్టి, నాలుగు పేజీలూ చదివాను. మూడో పేజీలో ఒక వాక్యం ఉంది. గడ్డకట్టనివ్వరాదు, గడ్డకట్టినదాన్ని వాడరాదు, పారవేయాలి. మరునాడు నాకు ఒక పూట సెలవు. మధ్యాహ్నం నేను వచ్చేసరికి పొద్దుటి నుంచీ కరెంటు లేదు. కింది అర ఖాళీగా ఉంది. డీప్ ఫ్రీజరు మూత ఎత్తితే కొత్త మందు సీసాలు పోలియో సీసాల పక్కన తెల్లగా మంచు పట్టి ఉన్నాయి.

ఆయన కిటికీ దగ్గర నిలబడి అన్నం తింటున్నాడు. "పైన పెట్టినా పాపా. వైరస్ మందు గదా. ఈ కరెంటు యవ్వారానికి కిందుంటే కరిగిపోతాది" అన్నాడు. సర్క్యులర్ మడిచి ఆయన జేబులో ఉంది. మొదటి వాక్యం, చివరి వాక్యం చదివేసుంటాడు.

సరే సార్ అన్నాను.

ఎందుకన్నానో ఎన్నో విధాలుగా చెప్పుకున్నాను. ఇరవై ఏళ్ళ అనుభవం ముందు నేనెంత అనుకున్నానని చెప్పుకున్నాను. నేనే తప్పు చదివానేమో అనుకున్నానని చెప్పుకున్నాను. అవేవీ నిజం కాదు. ఫ్రిజ్జు నా చేతి కింద ఉంది, పూటపూటా ఎంత చలి ఉందో రిజిస్టర్లో రాసి సంతకం చేసేది నేను. చెప్తే మా వాటా మందంతా పారబోయాలి, అప్పుడు మొదటి ప్రశ్న నన్నే అడుగుతారు. నా భయం నా కోసమే.

రెండు రోజుల తర్వాత పొద్దున వరండాలో బల్ల వేశారు. ఆయన డీప్ ఫ్రీజరు లోంచి సీసా తీసి, రెండు అరచేతుల మధ్య పెట్టుకుని మెల్లగా దొర్లించడం మొదలుపెట్టాడు. పోలియో మందు గడ్డ కరగడానికి మేమందరం అట్లాగే చేసేవాళ్ళం. పదిహేనేళ్ళుగా చూస్తున్న చేతులవి. ఒక్కరికీ వింతగా తోచలేదు. మంచు కరిగి ఆయన మణికట్టు మీదుగా కారింది. నేను చూస్తున్నాను.

మొదటి సూది ఆయనే వేయించుకున్నాడు, నిలబడే. తర్వాత డాక్టరమ్మ. తర్వాత ఎవరూ కదలలేదు. మా ఏఎన్ఎంలలో ఒకామె, క్రైస్తవుల అమ్మాయి, భర్త లేడు, ఒక కూతురు. ఆమెకు ఉబ్బసం. పల్లెల్లో అందరికన్నా ఎక్కువ నడిచేది ఆమే, మిగతావాళ్ళు ఆమె ఏం చేస్తే అది చేస్తారు. ఆమె పోయి బయటి మెట్ల మీద కూర్చుంది. ఆయన వెళ్ళాడు.

వెళ్ళి, ఆ మెట్టు మీద, ఆమె పక్కన కూర్చున్నాడు.

డాక్టరమ్మ నా చేయి గిల్లింది. ఆయన మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని, అలవాటు లేని పని చేస్తున్నవాడిలా బిగుసుకుని కూర్చున్నాడు. నాకు ఆయాసం ఉంది, నాకేమన్నా అయితే నా బిడ్డకు దిక్కెవరని ఆమె అడిగింది. జ్వరం వార్డులో పనిచేయాల్సి వస్తే ఆయాసం ఉన్నవాళ్ళకే ఎక్కువ అవసరమని ఆయన చెప్పాడు. ఆమె నమ్మలేదు. అప్పుడన్న మాట నాకు చెవుల్లో ఉంది.

"ఈ పెట్టె పట్టుకోని ఇరవై యేండ్లాయ. ఒక బిడ్డకన్నా నీళ్ళిచ్చినానామ్మా నేను? నీకిస్తానా?"

ఆమె లేచి వచ్చి కుచ్చెళ్ళు సర్దుకుని చేయి చాపింది. ఆమె వెనక మిగతావాళ్ళంతా వచ్చారు. నా వంతు వచ్చింది. నేనూ చేయి చాపాను, ఏం ఎక్కుతోందో తెలిసి. ఆయన కళ్ళు మెరుస్తున్నాయి. "సూసినావా పాపా, ఒకరు గూడా మిగల్లేదు" అన్నాడు.

ఆ తర్వాత మూడు వారాలు నేను ఎట్లా పనిచేశానో నాకే తెలియదు. ఆయన ఎప్పట్లాగే నా బల్ల మీద పడేసిన సర్క్యులర్ తీసి మూడో పేజీ చూసేదాన్ని, పెట్టేసేదాన్ని. ఏమో, గడ్డకట్టినా పనిచేస్తుందేమో అనుకునేదాన్ని. చేయదేమో అనుకునేదాన్ని. అది ఎవరికీ తెలియదు, అందుకే పారేయమన్నారు. అన్నం ముందు కూర్చుని సగంలో లేచిపోయేదాన్ని. మా ఆయన ఏమైందని అడిగితే ఎండలన్నాను. ఈ జ్వరం మా వైపు రాకుండా పోతే ఎవరికీ ఏమీ తెలియక్కరలేదని దేవుడికి మొక్కుకున్నాను. ఆ మొక్కు తలుచుకుంటే ఇప్పుడు సిగ్గేస్తుంది.

అంతలో తిరుపతిలో జ్వరం వార్డుకు పల్లె ఆస్పత్రుల నుంచి మనుషులు కావాలన్నారు. టీకా వేయించుకున్నవాళ్ళనే పంపమన్నారు. మొదటి పేరు ఆ ఉబ్బసం అమ్మాయిదే పడింది. ఆమెకేం భయం లేదు. పొద్దున బస్సుకు పోతూ మందుల గదిలోకి తొంగి చూసి, నాకు సార్ సూదేసినాడు కదా, ఏమీ కాదులే అని నాకే ధైర్యం చెప్పి పోయింది.

బస్సు మలుపు తిరిగిపోయాక నేను ఆయన దగ్గరికి పోయాను. ఆయన పెట్టెలు కడిగి ఎండలో బోర్లిస్తున్నాడు. సర్క్యులర్ మూడో పేజీ మడత విప్పి చేతికిచ్చాను. ఆయన చదివాడు. ఇంకోసారి చదివాడు. ఎండలో నిలబడి ఉన్న మనిషి మొహంలో రక్తం దిగిపోవడం నేను అప్పుడే చూశాను.

"నువ్వెప్పుడు సదివినావు?" అని అడిగాడు.

"వచ్చినరోజే సార్."

తిడతాడనుకున్నాను. తిట్టుంటే ఈ పాటికి మరిచిపోయేదాన్నేమో. ఆయన కాగితం మడిచి జేబులో పెట్టుకుని, "ఆ పాప యాడికి పొయ్యింది, వార్డుకేనా?" అన్నాడు. చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా రోడ్డు మీదికి నడిచాడు. నేను వెంట పరిగెత్తాను.

తిరుపతి బస్సు సగం ఖాళీ. ఆయన కూర్చోలేదు. పై కడ్డీ పట్టుకుని, డ్రైవరు వెనక నిలబడి, ముందుకు చూస్తూ వచ్చాడు. కండక్టరు రెండుసార్లు సీట్లుండాయి పెద్దాయనా అన్నాడు. వినిపించుకోలేదు. ఏర్పేడులో బస్సు ఆగి, టైరో ఏదో చూసుకుంటామని పది నిమిషాలు నిలిపేశారు. ఆయన దిగాడు, ఎక్కాడు, మళ్ళీ దిగాడు, వెళ్ళే లారీలకు చేయెత్తాడు, మళ్ళీ ఎక్కాడు. నేను మాత్రం కూర్చునే ఉన్నాను.

వార్డు గేటు దగ్గర కబురు పెడితే ఆమె మాస్కు కట్టుకుని బయటికొచ్చింది. మమ్మల్నిద్దరినీ చూసి ముందు కూతురికేమన్నా అయిందేమో అనుకుని గడప దగ్గరే ఆగిపోయింది. అది కాదని నేను తల ఊపాను. ఆయన సుత్తి లేకుండా చెప్పాడు. గేటు కాపలావాడు, బెంచీ మీది రోగుల బంధువులు అందరూ వింటున్నారు.

"నేను మందు గడ్డకట్టించినాను తల్లీ. కాయితం సదవలేదు. నీకేసింది మందు కాదు, నీళ్ళే అనుకో."

ఆమె గడప దిగి ఆయన ముందుకొచ్చింది. కళ్ళు తప్ప ఏమీ కనపడటంలేదు.

"ఎప్పుడు తెలిసింది సార్ మీకు?"

"ఇయ్యాలే."

అది అబద్ధం కాదు. ఆయనకు తెలిసింది ఆరోజే. ఆయన నా వైపు తిరగలేదు. తిరిగుంటే నేను చెప్పేదాన్నని అనుకుంటాను. అనుకోవడమే, నమ్మకం లేదు.

నువ్వు వచ్చేయ్, నీ బదులు నేను చేస్తానని ఆయన అన్నాడు. ఆమె నవ్వినట్టే ఉంది మాస్కు వెనక, మంచి నవ్వు మాత్రం కాదు. "మీరు మాత్రం ఏం ఏసుకున్నారు సార్? ఆ నీళ్ళే గదా" అంది. లోపల ఇద్దరమే ఉన్నాం, ఒకామెకు సెలైన్ పెట్టి వచ్చానని చెప్పి, మాస్కు ముడి బిగించుకుని లోపలికి పోయింది. ఆయన ఆ గేటు దగ్గర ఎంతసేపు నిలబడ్డాడో నేను చెప్పలేను.

ఆమె వారం రోజుల డ్యూటీ చేసి క్షేమంగా వచ్చింది. గడ్డకట్టిన మందే పనిచేసిందో, మాస్కు కాపాడిందో, ఆ జ్వరం ఆమె జోలికే రాలేదో ఎవరు చెప్పగలరు. ఆ వారం ఆయన మొపెడ్ ఎక్కి రోజూ తిరుపతికి పోయి, గేటు బయట నుంచే ఆమెను చూసి వచ్చేవాడట. పలకరిస్తే ఆమె పలికేది కాదట. ఇది గేటు కాపలావాడు తర్వాత మాతో చెప్పాడు.

ఆమెకు గేటు దగ్గర చెప్పి తిరుపతి నుంచి వచ్చిన రోజే ఆయన వరండాలో అందరినీ పిలిచి సంగతి చెప్పాడు. తర్వాత తెల్ల కాగితం తీసి, ఫ్రిజ్జు మీద పెట్టుకుని, నిలబడి రిపోర్టు రాశాడు. రాసి నాకిచ్చి, "నడిమద్దెలో ఏమన్నా తప్పులుంటే సూడు పాపా" అన్నాడు. చదివాను. సూచనలు పూర్తిగా చదవకుండా తానే మందును డీప్ ఫ్రీజరులో పెట్టానని, ఫార్మసిస్టు సెలవులో ఉన్నందున ఆమెకు సంబంధం లేదని ఉంది. నేను చదివాననీ, మూడు వారాలు నోరు మూసుకున్నాననీ అందులో లేదు.

"సార్, నేను..." అన్నాను.

"నీకింగా ఇరవై యేండ్ల సర్వీసుండాది. నాకు పదకొండు నెలలు" అని కాగితం లాక్కున్నాడు.

నేను రెండోసారి ఊరుకున్నాను.

నిజం చెప్పినందుకు ఆయనకు మేలేమీ జరగలేదు. మెమో వచ్చింది. పెట్టెలు ఇంకొకరికి అప్పజెప్పమన్నారు. వార్డు గేటు దగ్గర విన్నవాళ్ళ నోటి నుంచి మాట ఊళ్ళకు పాకింది. తర్వాతి పోలియో ఆదివారం మేము పోతే, చెడిపోయిన మందు మీ వాళ్ళకే వేసుకున్నారంట గదా అని కొన్ని ఇళ్ళ తలుపులు వేసేశారు. ఇరవై ఏళ్ళుగా ఆయన మొపెడ్ చప్పుడుకే బిడ్డల్ని ఎత్తుకొచ్చిన ఇళ్ళవి. ఆయన ఆ తలుపుల ముందు పెట్టె లేని చేతుల్ని ఏం చేయాలో తెలియక, ఒకసారి జేబులో పెట్టుకుని, ఒకసారి వెనక కట్టుకుని, అటూ ఇటూ తిరిగాడు. చెప్పకుండా ఉంటే ఆ పిల్లలకు పోలియో చుక్కలన్నా పడేవి కదా అని నాకనిపించింది. చెప్పకుండా ఎట్లా ఉంటాడు అని కూడా అనిపించింది. ఈ రెండింటి మధ్య నేను ఇప్పటికీ తిరుగుతూనే ఉన్నాను.

ఎండలు తగ్గాక మంచి మందు మళ్ళీ వచ్చింది, మళ్ళీ అవే నాలుగు పేజీలతో. ఆయన వరండాలో నిలబడి ఈసారి మొత్తం చదివాడు. సంఖ్యలు, తేదీలు, ఎవరెవరికి ప్రతులు పంపారో, చివర టైపు చేసినవాళ్ళ పొడి అక్షరాలు కూడా. మూడో పేజీలో ఆ వాక్యం రెండుసార్లు చదివాడు. కుర్రవాళ్ళు ముసిముసిగా నవ్వుకున్నారు. చదవడం అయ్యాక ఎవరూ కదలలేదు. అప్పటికి జ్వరం భయం కూడా తగ్గిపోయింది, వేయించుకోవాల్సిన పనేముందన్నట్టున్నారు అందరూ.

ఆ ఉబ్బసం అమ్మాయి కదిలింది. ఆయనతో మాట్లాడక నెలలైంది. బల్ల దగ్గరికి వచ్చి, నిలబడి, "అంతా సదివినారా సార్?" అని అడిగింది.

"సదివినానమ్మా."

ఆమె నా వైపు తిరిగింది. "మీరు సదివినారా మేడమ్?"

ఆమెకు ఏదో తెలుసునని కాదు. మందు నా ఫ్రిజ్జులో ఉంది కాబట్టి అడిగింది. చదివాను అని చెప్పడానికి నాకు ఎంతసేపు పట్టిందంటే, ఆయన మెడ తిప్పి నన్ను చూశాడు. ఆ మొహంలో నన్ను తప్పుపట్టినట్టు ఏమీ లేదు. చెప్పు పాపా, అన్నట్టుంది. చదివాను, అన్నాను. ఆమె చేయి చాపింది.

ఆయన రిటైరైన రోజు పూలదండ వేసి, కుర్చీలో కూర్చోబెట్టి ఫోటో తీద్దామన్నాం. కూర్చోలేదు. ఫోటోలో మేమందరం కూర్చుని ఉన్నాం, ఆయన వెనక నిలబడి ఉన్నాడు. పోయే ముందు మందుల గదిలోకి వచ్చి, తన పాత పెట్టెను అరమీది నుంచి దించి, చెవికి ఆనించుకుని ఊపాడు. ఖాళీ పెట్టె. "ఏమీ లేదు" అని మళ్ళీ అరలో పెట్టేశాడు. ఫ్రిజ్జు మీద ఆయన గీసిన ఎర్ర బాణాలను తనే బ్లేడుతో గీకేసి పోయాడు.

నేను మళ్ళీ ఆయన్ని కలవలేదు. వాళ్ళది పుత్తూరు వైపు. గంటన్నర ప్రయాణం. ప్రతి పండక్కీ పోవాలనుకునేదాన్ని, పోయి ఏం చెప్పాలో తెలియక మానేసేదాన్ని.

పోయిన నెల ఫోన్ చేస్తే ఆయన భార్య ఎత్తింది. సార్ ఉన్నారా అన్నాను. పోయి ఆర్నెల్లయిందమ్మా అంది. ఆమే చెప్పుకొచ్చింది. చివర కాళ్ళు వాచి మంచం పట్టాడట, అయినా మంచం మీద కూర్చోబెడితే దిగుతానని గొడవట. మాత్రల డబ్బాలో ఉండే సన్న అక్షరాల కాగితం మొత్తం మనవరాలి చేత చదివించుకునేదాకా ఒక్క మాత్ర మింగేవాడు కాదట. ఆ పిల్లకు విసుగొచ్చి నడుమ వదిలేస్తే పట్టేసేవాడట.

"మా ఆస్పత్రిలో ఒక పాపుండేది, ఆ పాప మాదిరి సదవల్ల, నడిమద్దెలో గూడా ఒగ అచ్చరం ఇడిసిపెట్టేది కాదు అని ఆ పిల్లకు ఒగటే సెప్పేవాడు" అంది ఆమె. "ఆ పాప నువ్వేనా తల్లీ?"

నేనేనమ్మా అన్నాను.

ఆమెకు సంతోషమైంది. ఫోన్ మనవరాలికిచ్చి, ఇదో ఆ పాప మాట్లాడతాంది అని చెప్పడం వినిపించింది. చదివి చెప్పకుండా ఊరుకున్న పాప కూడా నేనేనని ఆ పిల్లకైనా చెప్పాలనుకున్నాను. ఆ పిల్ల హలో అంది, మళ్ళీ హలో అంది. బాగా చదువుకోమ్మా అని పెట్టేశాను.